బయటపడి ఆరేళ్లయింది, తాళాల చప్పుడు వింటే ఇంకా వణుకుతున్నాను

నీలిగోరింట
మంగళవారం, రాత్రి 11:52

అందరికీ నమస్కారం. బెంగళూరు తెలుగువాళ్ల ఈ వేదికలో ఇన్నాళ్లూ అద్దె ఇళ్ల గురించి, స్కూలు సీట్ల గురించి అడిగానే తప్ప నా సంగతి ఎప్పుడూ రాయలేదు. ఈరోజు రాయకపోతే నిద్ర పట్టేలా లేదు.

మాది ఒంగోలు దగ్గర పల్లెటూరు. ఏడేళ్లు కాపురం చేశాను. ఆయన కొట్టేవాడు. ఎందుకు కొట్టేవాడో రాయను, ఎందుకంటే కారణం ఎప్పుడూ వేరే ఉండేది. ఆరేళ్ల కిందట మూడేళ్ల బాబుని చంకనేసుకుని రాత్రి బస్సెక్కాను. ఇప్పుడు కె.ఆర్.పురంలో ఉంటున్నాం. ఉద్యోగం ఉంది, విడాకులు వచ్చాయి, మా అడ్రసు ఆయనకు తెలియదు.

పోయిన గురువారం ఆఫీసులో పక్క సీటు అబ్బాయి బైకు తాళాలు టేబుల్ మీద పడేశాడు. అంతే. తర్వాత ఏం జరిగిందో సరిగ్గా గుర్తులేదు. బాత్రూంలో గోడకి ఆనుకుని నిలబడి ఉన్నాను, చీర చెంగు నోట్లో కుక్కుకుని ఉంది. ఇరవై నిమిషాలైందట.

ఆ ఇంట్లో రాత్రి తాళాలు టీపాయ్ మీద పడే తీరును బట్టి ఆ రాత్రి ఎలా గడుస్తుందో చెప్పేదాన్ని. మెల్లగా పెడితే అన్నం తిని పడుకుంటాడు. విసిరేస్తే ముందు బాబుని వెనక గదిలోకి తీసుకెళ్లాలి. ఏడేళ్లు ఆ చప్పుడే విన్నాను.

నాకు అర్థం కానిది ఒకటే. అక్కడ ఉన్నప్పుడు ఇంత భయపడలేదు. దెబ్బలు తిని కూడా లేచి పొద్దున్నే పాలు కాచాను, టిఫిన్ బాక్సు కట్టాను. అన్నీ సర్దుకున్నాక ఇప్పుడెందుకు ఇలా? ఇంకో సంగతి, బాబుకి ఇప్పుడు తొమ్మిదేళ్లు. నేను ఫోన్లో కాస్త గట్టిగా మాట్లాడితే చాలు, వాడు వెళ్లి టీవీ సౌండ్ పెంచేస్తాడు. మూడేళ్ల పిల్లాడికి ఏం గుర్తుంటుందిలే అనుకున్నాను.

గోదావరిగట్టు
బుధవారం, ఉదయం 6:10

అమ్మా, నీకు నా కూతురి వయసు ఉంటుంది. చదివి బాధ కలిగింది. అయితే జరిగిందేదో జరిగిపోయింది. ఆ మనిషి లేడు, ఆ ఇల్లు లేదు. పాత గాయాన్ని కెలుక్కుంటే మానదు తల్లీ. మర్చిపో. ఖాళీ లేకుండా పని పెట్టుకో, సాయంత్రం గుడికి వెళ్లు. కాలమే అన్నీ మాన్పుతుంది.

వేపపువ్వు
బుధవారం, ఉదయం 8:32

గోదావరిగట్టు గారూ, పెద్దవారు, ప్రేమతోనే అన్నారు. కానీ ఈ "మర్చిపో" అన్న మాట విని విని మా చెవులు కాయలు కాశాయి. మర్చిపోవడం మా చేతుల్లో ఉంటే మొదటి రోజే మర్చిపోయేవాళ్లం కదండీ.

నేను బయటికొచ్చి పదకొండేళ్లు. ఇప్పటికీ హోటల్‌కి వెళ్తే తలుపు కనబడే కుర్చీలోనే కూర్చుంటాను. గోడకి వీపు ఆనించకపోతే నిద్ర పట్టదు. ఎవరైనా వెనక నుంచి వచ్చి భుజం మీద చెయ్యేస్తే, ఆ చెయ్యి మా అమ్మదైనా సరే, నా ఒళ్లు ముందు ముడుచుకుపోతుంది, మనసుకి తర్వాత తెలుస్తుంది. ఏ గుడిలో కూర్చున్నా అంతే.

ఇది మన ఒకరిద్దరి ఇళ్ల కథ కూడా కాదు. 2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వేలో కర్ణాటకలో పెళ్లైన ఆడవాళ్లలో నూటికి 44 మంది భర్త చేతిలో హింస పడ్డామని చెప్పారు. తెలంగాణలో 37 మంది దాకా, ఆంధ్రలో 30 మంది. అదే సర్వేలో, ఏదో ఒక కారణానికి మొగుడు పెళ్లాన్ని కొట్టడం సబబే అన్న ఆడవాళ్లు మన రెండు తెలుగు రాష్ట్రాల్లోనూ నూటికి 83 మందికి పైనే. నాకు ఆ రెండో లెక్క చూసినప్పుడే ఏడుపొచ్చింది. అందులో మా అమ్మ ఉంది, మా అత్త ఉంది, ఒకప్పటి నేనూ ఉన్నాను.

నీలిగోరింటా, నీకు పిచ్చి పట్టలేదు. అది మాత్రం ముందు నమ్ము.

సీమబిడ్డ
బుధవారం, మధ్యాహ్నం 1:15

అక్కా, నేను మగవాణ్ణి. ఇక్కడ రాయొచ్చో లేదో అని పొద్దున్నుంచి ఆలోచించి రాస్తున్నా.

మాది పెనుకొండ వైపు. మా నాయన మా అమ్మను కొట్టేవాడు. ఊళ్లో అందరికీ తెలుసు, అందరికీ మా నాయన మంచోడే. ఆయన పోయి పదకొండేళ్లయింది. అమ్మ ఇప్పుడు నాతో ఎలక్ట్రానిక్ సిటీలో ఉంటుంది, అరవై దాటాయి. సాయంత్రం ఏడున్నర అయ్యేసరికి ఆమెలో ఏదో మారిపోతుంది. అప్పటిదాకా మనవరాలితో నవ్వుతూ ఉన్న మనిషి లేచి వంటింట్లోకి పోతుంది. స్టవ్ మీద ఏమీ లేకపోయినా గట్టు తుడుస్తుంది. గ్లాసులు వరసగా పెడుతుంది. మళ్లీ తుడుస్తుంది. మా నాయన ఇంటికొచ్చే టైం అది. "అమ్మా, ఎవరూ రారు, కూర్చో" అంటే "ఏం లేదురా, ఊరికే" అంటుంది. ఆమెకు కూడా తెలియదు తానెందుకు లేచిందో.

అన్నంలో ఉప్పు తక్కువైందని నా భార్య మామూలుగా అన్నదనుకోండి, అమ్మ చేతిలో గరిటె వణుకుతుంది. సారీ చెప్తుంది. కోడలికి సారీ చెప్పే అత్తను ఎవరైనా చూశారా? మొదట్లో నా భార్య ఇదంతా తనని ఎత్తిపొడవడానికే అనుకుంది. ఇద్దరి మధ్యా ఏడాది పాటు ముభావం నడిచింది. నేనప్పుడు చెప్పలేకపోయినా. చెబితే నాయన పరువు పోతుందని. చచ్చిపోయినోడి పరువు, చూడండి.

ఇక నా సంగతి. నేను చెయ్యెత్తను. మా నాయనలా కాకూడదని పదేళ్ల వయసులోనే ఒట్టు పెట్టుకున్నా. కానీ ఇంట్లో చిన్న మాట తేడా వస్తే నోరు మూసుకుపోతుంది, రెండు రోజులు మాట రాదు. నా భార్య "అరిచినా బాగుండు, ఈ మౌనం చంపేస్తోంది" అంటుంది. నేను అలిగానని అనుకుంటుంది. అది అలక కాదు అక్కా. మంచం కింద దాక్కున్న పిల్లోడు ఊపిరి బిగబట్టుకుని ఉంటాడు కదా, అదీ.

మీ బాబుకి మూడేళ్లే కదా అన్నారు. నాకు నాలుగేళ్లప్పుడు జరిగింది ఒకటి ఉంది. మాటల్లో చెప్పమంటే చెప్పలేను. కిరసనాయిలు వాసన వస్తే మాత్రం కడుపులో తిప్పుతుంది.

తెల్లకోటు
బుధవారం, రాత్రి 10:40

నేను మానసిక వైద్యురాలిని. చూడకుండా ఎవరి జబ్బూ తేల్చలేను, కాబట్టి ఇది సలహా చీటీ అనుకోవద్దు. నీలిగోరింట గారు అడిగిన "ఇప్పుడెందుకు" అనే ప్రశ్నకు నాకు తెలిసింది చెప్తాను. ఓపీలో వారానికి ఒకరైనా ఇదే ప్రశ్న అడుగుతారు.

మెదడులో బాదం గింజంత భాగం ఒకటి ఉంటుంది, అమిగ్డలా. ప్రమాదాన్ని పసిగట్టి ఒంటికి గంట కొట్టడం దాని పని. పక్కనే హిప్పోక్యాంపస్ ఉంటుంది. ఇది ఎప్పుడు జరిగింది, ఎక్కడ జరిగింది అని జ్ఞాపకానికి తేదీ వేసి దాచేది అది. విపరీతమైన భయంలో గంట కొట్టే పని గట్టిగా సాగుతుంది, తేదీ వేసే పని సరిగ్గా సాగదు. అందుకే ఆ రాత్రులు మీలో ఒక కథలా కాకుండా చప్పుడుగా, వాసనగా, కడుపులో తిప్పడంగా మిగిలిపోతాయి. తేదీ లేని జ్ఞాపకానికి అది పాతదని తెలియదు. తాళాలు పడగానే మీ ఒంటికి అది ఆరేళ్ల కిందటి సంగతి కాదు, ఇప్పటిదే.

అక్కడ ఉన్నప్పుడు ఎందుకు రాలేదంటే, అప్పుడు రావడానికి వీల్లేదు కాబట్టి. పాలు కాయాలి, బాబుని కాపాడాలి. ఒళ్లు మొద్దుబారి మిమ్మల్ని ఆ ఏడేళ్లు మోసింది. ఇప్పుడు తలుపుకి గడియ ఉంది, జీతం ఉంది. ఇక దించుకోవచ్చని దానికి అనిపించాకే దించడం మొదలుపెడుతుంది. చాలామందికి ఇది భద్రత దొరికిన కొన్నేళ్లకే వస్తుంది. మీరు వెనక్కి పోతున్నారని దీని అర్థం కాదు.

ఒక్క ప్రమాదంలో కలిగిన భయం వేరు, ఏళ్ల తరబడి ఇంట్లోనే, తప్పించుకోలేని చోట పడిన భయం వేరు అని జుడిత్ హెర్మన్ అనే అమెరికా వైద్యురాలు 1992లోనే రాశారు. ప్రపంచ ఆరోగ్య సంస్థ జబ్బుల పట్టికలోకి అది వేరే పేరుతో చేరి, 2022 జనవరి నుంచి అమల్లోకి వచ్చింది. కాంప్లెక్స్ పీటీఎస్‌డీ అంటారు, అంటే ఏళ్ల తరబడి పడిన భయం మనసులో మిగిల్చే గాయం. పీడకలలు, ఉలికిపాటు, ఆ చోట్లకు వెళ్లకపోవడం ఉంటాయి. వాటితోపాటు కోపమో ఏడుపో పట్టలేకపోవడం, "నేనే పనికిరానిదాన్ని" అన్న నమ్మకం, ఎవరితోనూ దగ్గర కాలేకపోవడం కూడా. సీమబిడ్డ గారి అమ్మ కోడలికి చెప్పే సారీ చదివి నేను కాసేపు ఫోన్ పక్కన పెట్టేశాను.

చికిత్స ఉంది. ట్రామా మీద (మనసుకి తగిలిన గాయం మీద) దృష్టి పెట్టే సీబీటీ, అంటే ఆలోచనల్ని, అలవాట్లని మార్చే మాటల చికిత్స, ఈఎండీఆర్, అంటే కళ్లు అటూ ఇటూ కదిలిస్తూ ఆ జ్ఞాపకాన్ని తలుచుకునే చికిత్స, ఈ రెండింటినీ ప్రపంచ ఆరోగ్య సంస్థ 2013లో సిఫారసు చేసింది. మొదటి రోజే అంతా చెప్పమని మంచి డాక్టరెవరూ బలవంతపెట్టరు. ముందు నిద్ర, తిండి, భద్రత. జ్ఞాపకాల జోలికి ఆ తర్వాతే. మెడికల్ షాపులో అడిగి నిద్రమాత్రలు మాత్రం కొనుక్కోకండి.

ఇంకొకటి, దీన్ని చాలామంది అడగరు. తలని గోడకి కొట్టడం, గొంతు నులమడం జరిగి ఉంటే డాక్టరుకి మీరే చెప్పండి. మతిమరుపు, తలనొప్పి, ఒక పని మీద దృష్టి నిలవకపోవడం అన్నీ మనసువే కావు, మెదడుకి తగిలిన దెబ్బ వల్ల కూడా వస్తాయి.

మళ్లీ తాళాలు పడితే ఆ నిమిషానికి పాదాలు నేలకి గట్టిగా ఆనించండి. పైకే అనండి: ఈరోజు ఫలానా తేదీ, ఇది నా ఆఫీసు, ఆ తాళాలు పక్క సీటు అబ్బాయివి. మెదడు వెయ్యని తేదీ మీరు వేస్తున్నారన్నమాట.

బస్సుకిటికీ
గురువారం, అర్ధరాత్రి 12:25

నేను మారతహళ్లిలో పీజీలో ఉంటాను. మా అక్క నెల్లూరులో ఇంకా ఆ ఇంట్లోనే ఉంది. రెండేళ్ల పాప. కొట్టిన మర్నాడు ఆయన స్వీట్లు తెస్తాడు, వారం రోజులు దేవుడిలా ఉంటాడు. అక్క అప్పుడు "మారాడే" అంటుంది. నేను "వదిలేసి రా" అని అరుస్తాను. ఇప్పుడు నా ఫోన్ కూడా ఎత్తడం మానేసింది. ఏం చెయ్యాలో చెప్పండి. నాకు చాలా టెన్షన్‌గా ఉంది.

వేపపువ్వు
గురువారం, ఉదయం 7:05

చెల్లీ, ఆ స్వీట్ల డబ్బా నాకూ వచ్చేది. కొట్టడం, ఆ తర్వాత ముద్దు చేయడం, మళ్లీ ఇంట్లో గాలి బిగుసుకోవడం. ఈ గుండ్రంగా తిరిగే తీరుని లెనోర్ వాకర్ అనే ఆవిడ 1979లోనే వివరించారు. అది చదివిన రోజు నా కాపురం ఎవరో కిటికీలోంచి చూసి రాశారనిపించింది.

వదిలేసి రమ్మని అరవకు. ఆయనా అరుస్తాడు, నువ్వూ అరిస్తే ఆమె ఎక్కడికి పోతుంది? "తప్పు నీది కాదు, ఏ రాత్రి ఫోన్ చేసినా ఎత్తుతాను" అని మాత్రం చెప్పు. చెప్పి ఊరుకో. బయటికొచ్చే రోజులే అన్నిటికంటే ప్రమాదం, కాబట్టి తొందరపెట్టకు. ఆధార్, పాస్‌బుక్, పాప బర్త్ సర్టిఫికెట్ కాపీలు నీ దగ్గర ఉంచుకో. ఇద్దరికీ మాత్రమే తెలిసిన మాట ఒకటి పెట్టుకోండి. నేనూ మా పిన్నీ "ఆవకాయ అయిపోయింది" అని పెట్టుకున్నాం. ఆ మెసేజ్ వస్తే నేను బయల్దేరుతున్నానని అర్థం. మహిళల హెల్ప్‌లైన్ 181కి ఆమె ఫోన్ నుంచి చేస్తే కాల్ లిస్టులో ఉండిపోతుంది, పక్కింటి ఫోన్ నుంచి చెయ్యమను. ప్రాణం మీదికి వస్తే మాత్రం ఏదీ చూడొద్దు, అత్యవసర నంబరు 112కి చెయ్యమను.

నల్లకోటు
గురువారం, రాత్రి 9:18

లాయర్‌ని. రెండు మూడు విషయాలు చెప్పి వెళ్తాను.

చాలామంది ఒంటి మీద దెబ్బ ఉంటేనే కేసు అనుకుంటారు. 2005 గృహహింస చట్టం, అమల్లోకి వచ్చింది 2006 అక్టోబర్ 26న, అలా అనదు. తిట్టడం, అవమానించడం, పిల్లలు పుట్టలేదనో మగపిల్లాడు పుట్టలేదనో దెప్పడం, డబ్బు ఇవ్వకుండా బిగబట్టడం, అన్నీ హింసేనని మూడో సెక్షన్‌లో రాసి ఉంది. మానసిక హింసకు, వేదనకు విడిగా పరిహారం అడగడానికి 22వ సెక్షన్ ఉంది. అందుకే డాక్టరు రాసిన ప్రతి ఓపీ చీటీ దాచుకోండి.

నెల్లూరులో కొడితే నెల్లూరుకే వెళ్లి కేసు పెట్టాలని లేదు. అక్క బెంగళూరు వచ్చి తాత్కాలికంగా ఉన్నా ఇక్కడి మేజిస్ట్రేట్ దగ్గర అడగొచ్చు, 27వ సెక్షన్. భర్త, అత్తింటివాళ్ల క్రూరత్వం మీద పెట్టే కేసు, అంటే ఒకప్పటి 498ఏ, ఇప్పటి భారతీయ న్యాయసంహితలో 85, 86 సెక్షన్ల విషయంలోనూ అంతే. 2019 ఏప్రిల్‌లో సుప్రీంకోర్టు ముందుకు ఈ ప్రశ్నే వచ్చింది. అత్తింట్లో పడిన హింస వల్ల మనసుకి తగిలిన గాయం ఆమె తలదాచుకున్న చోట కూడా కొనసాగుతూనే ఉంటుంది, కాబట్టి అక్కడ కూడా ఫిర్యాదు చేయవచ్చు అన్నారు ముగ్గురు జడ్జీలు. నీలిగోరింట గారు రాసిన తాళాల సంగతి చదువుతుంటే నాకు ఆ తీర్పే గుర్తొచ్చింది.

ఆడవాళ్లకు ఆదాయంతో పని లేకుండా ఉచిత న్యాయ సహాయం వస్తుంది. నంబరు 15100. నగరంలో పోలీస్ కమిషనర్ ఆఫీసులో వనితా సహాయవాణి కూడా ఉంది.

నీలిగోరింట
గురువారం, రాత్రి 11:30

అన్నీ రెండేసి సార్లు చదివాను. ఒక భయం అడగాలి. ఇక్కడి మానసిక వైద్య ఆసుపత్రి నిమ్హాన్స్‌కి వెళ్లాలని ఎన్నోసార్లు అనుకున్నాను. రేపు ఆయన ఆ కాగితం చూపించి, తల్లికి పిచ్చి, బాబుని నాకివ్వండి అంటే?

ఇంకోటి. ఊళ్లో ఉన్నప్పుడు ఒక కౌన్సెలర్ దగ్గరికి వెళ్లాను. ఆవిడ మొదటి మాట "మీరేం చేస్తే ఆయనకు కోపం వస్తోంది?" అని. ఆ తర్వాత నోరు తెరవబుద్ధి కాలేదు.

నల్లకోటు
శుక్రవారం, ఉదయం 7:50

చికిత్స తీసుకున్నంత మాత్రాన బాబుని లాక్కోలేరు. ఒకరికి మానసిక జబ్బు ఉందని తేల్చినంత మాత్రాన వాళ్లకు మతి స్థిమితం లేదని అనుకోకూడదని 2017 మానసిక ఆరోగ్య చట్టంలోనే ఉంది. మీ వివరాలు గోప్యంగా ఉంచాలని కూడా ఉంది. కోర్టు చూసేది బాబు క్షేమం. వైద్యం చేయించుకుంటున్న తల్లి ఆ క్షేమానికి అడ్డెలా అవుతుంది?

తెల్లకోటు
శుక్రవారం, ఉదయం 9:12

ఆ కౌన్సెలర్ అడిగిన ప్రశ్నకు మా వృత్తి తరఫున సిగ్గుపడుతున్నాను. అలా అడిగితే లేచి వచ్చేయండి. ఇంకొకరిని వెతకండి. ముందు ఫోన్లో మాట్లాడి చూద్దాం అనిపిస్తే ప్రభుత్వ మానసిక ఆరోగ్య హెల్ప్‌లైన్ టెలీ మానస్ ఉంది, 14416. నిమ్హాన్స్ ఆధ్వర్యంలోనే 2022 అక్టోబర్ నుంచి నడుస్తోంది, తెలుగులో మాట్లాడొచ్చు. బాబు సంగతి కూడా చెప్పండి. అమ్మ దెబ్బలు తినడం చూస్తూ పెరగడాన్ని కూడా బాల్యంలో తగిలిన గాయాల్లో ఒకటిగా లెక్కించి అమెరికాలో 1998లో పెద్ద అధ్యయనం ఒకటి వచ్చింది. అలాంటి గాయాలు ఎక్కువైనకొద్దీ పెద్దయ్యాక దిగులు, తాగుడే కాదు, గుండె జబ్బు కూడా ఎక్కువగా కనబడింది. భయపెట్టడానికి చెప్పడం లేదు. తొమ్మిదేళ్లకే మీరు గమనించారు, అది చాలా పెద్ద విషయం.

గోదావరిగట్టు
శుక్రవారం, సాయంత్రం 6:40

అమ్మా, మర్చిపొమ్మన్నాను. నాకు తెలిసింది అంతే. మా చెల్లెలు ముప్పై ఏళ్ల కిందట పుట్టింటికొచ్చి నెల రోజులుంటే, నేనే దగ్గరుండి తీసుకెళ్లి దిగబెట్టి వచ్చాను. సర్దుకుపో అన్నాను. ఇప్పటికీ తను నాతో పొడిపొడిగానే మాట్లాడుతుంది. వయసు వల్ల అనుకున్నాను. నిన్న రాత్రి ఫోన్ చేశాను. ఏం మాట్లాడాలో తెలియక, భోంచేశావా అని అడిగి పెట్టేశాను.

వేపపువ్వు
శుక్రవారం, సాయంత్రం 7:02

మళ్లీ చెయ్యండి బాబాయ్. ఆ రోజు తీసుకెళ్లి దిగబెట్టింది గుర్తుందని చెప్పండి. ఆవిడ ఏమీ అనకపోయినా పర్లేదు.

నీలిగోరింట
మూడు వారాల తర్వాత, ఆదివారం, సాయంత్రం 5:20

నిమ్హాన్స్‌కి వెళ్లొచ్చాను. పొద్దున్నే సెలవు పెట్టి హొసూరు రోడ్డుకి బస్సెక్కాను, గేటు దాకా వెళ్లి ఒకసారి వెనక్కి తిరిగాను కూడా. లోపల కూర్చున్నాక చూస్తే అందరూ మనలాంటి మామూలు మనుషులే. డాక్టరమ్మ కన్నడ కలిపిన తెలుగులో మాట్లాడింది. తల గోడకి తగిలిన సంగతి నేనే ముందు చెప్పాను. రాసుకుంది. "ఏం చేస్తే కోపం వచ్చేది" అని అడగలేదు. "ఎవరికైనా చెప్పారా ఇంతకు ముందు?" అని అడిగింది. ఇక్కడ చెప్పానన్నాను.

పక్క సీటు అబ్బాయికి "ఆ తాళాల చప్పుడు నాకు పడదు" అని మాత్రం చెప్పాను. ఎందుకని అడగలేదు. మర్నాటి నుంచి బ్యాగులో పెట్టుకుంటున్నాడు.

అసలు చెప్పాలనుకున్నది బాబు గురించి. నిన్న అన్నం తింటుంటే అడిగాను, నేను గట్టిగా మాట్లాడితే టీవీ ఎందుకు పెంచుతావు నాన్నా అని. వాడు నా వంక వింతగా చూసి, "నువ్వే కదమ్మా పెంచేదానివి, నాకు వినబడకూడదని" అన్నాడు.

నిజమే. వెనక గదిలో చిన్న టీవీ ఉండేది. వాణ్ణి అక్కడ కూర్చోబెట్టి, కార్టూన్ పెట్టి, సౌండ్ పెంచి, తలుపు దగ్గరికేసి ముందు గదిలోకి వచ్చేదాన్ని. ఆ టీవీ సంగతి వాడు అనేదాకా నాకు బొత్తిగా గుర్తులేదు. వాడికి గుర్తుంది. ఇన్నాళ్లూ వాడు భయపడి పెంచుతున్నాడనుకున్నాను. నాకు వినబడకూడదని పెంచుతున్నాడు.

వచ్చే వారం నుంచి వాడిని కూడా తీసుకెళ్తున్నాను.

సీమబిడ్డ
ఆదివారం, సాయంత్రం 6:05

అక్కా, ఇది నా భార్యకు చదివి వినిపించినా. మా అమ్మ ఏడున్నరకు వంటింట్లోకి పోతే ఇప్పుడు తనూ వెంట పోతోంది. ఇద్దరూ గ్లాసులు తుడుస్తున్నారు.

బస్సుకిటికీ
ఆదివారం, రాత్రి 9:47

అక్క మెసేజ్ పెట్టింది. ఆవకాయ అయిపోయిందట.

నీలిగోరింట
ఆదివారం, రాత్రి 9:49

బస్సెక్కిందా? పాప ఉందా తనతో?

బస్సుకిటికీ
ఆదివారం, రాత్రి 9:56

ఎక్కింది. పాప ఒళ్లో నిద్రపోతోందట. నాకు చేతులు వణుకుతున్నాయి. మా పీజీలో ఉండనివ్వరు.

నీలిగోరింట
ఆదివారం, రాత్రి 9:58

మా ఇంట్లో ఉంటారు. మెజెస్టిక్ దాకా వద్దు, టిన్ ఫ్యాక్టరీ దగ్గర దిగమను. పొద్దున ఐదుకల్లా నేను అక్కడుంటాను, నువ్వు కూడా వచ్చెయ్. పాపకి పాలు తెచ్చి పెడతాను.